తొమ్మిది జట్లు తిరిగిన క్యాచర్: అది వృత్తేనా?

టెక్సస్‌లోని ఫ్రిస్కోలో ఉంటున్న ఒక తండ్రిగారు అడిగిన ప్రశ్న ఇది. వాళ్ల అబ్బాయి హైస్కూల్ బేస్‌బాల్ జట్టులో క్యాచర్, అంటే బ్యాటర్ వెనక కూర్చుని బంతి పట్టేవాడు. చేతులు చురుకు, బ్యాటింగ్ అంతంత మాత్రం. "బ్యాటింగ్ రాకపోయినా పదేళ్లు నెట్టుకొచ్చిన క్యాచర్లు ఉన్నారు" అని కోచ్ ధైర్యం చెప్పాడట. ఈయన ఆరా తీస్తే ఎరిక్ క్రాట్జ్ అనే పేరు దొరికింది. అమెరికా బేస్‌బాల్‌లో అన్నిటికంటే పై స్థాయి అయిన మేజర్ లీగ్‌లో తొమ్మిది జట్లకు ఆడాడు, బ్యాటింగ్ సగటు .209, అంటే పది ప్రయత్నాలకు రెండు హిట్లు. "ఇది వృత్తి అనిపించుకుంటుందా, ఎవరికీ అక్కర్లేని మనిషి ఊరూరా తిరిగిన కథా?" అని అడుగుతున్నారు. డబ్బు లెక్క ఎలా ఉంటుందనీ అడిగారు.

వృత్తే. పైగా గిరాకీ తగ్గని వృత్తి. కాకపోతే ఆ గిరాకీ ఎక్కడి నుంచి వస్తుందో తెలియకుండా పిల్లవాడిని అందులోకి దింపకూడదు. నేను ఉద్యోగరీత్యా కంప్యూటర్ల మనిషినే అయినా, చాలా వేసవులు మైనర్ లీగ్ (మేజర్ లీగ్ కింది స్థాయి) మైదానంలో స్కోరర్ల గదిలో సాయంత్రపు పని చేశాను, పిల్లలకు క్యాచింగ్ నేర్పాను. అక్కడ కూర్చుని చూసినవాడిగా చెబుతున్నాను: రెండో క్యాచర్ జీతం మొదటి క్యాచర్ మోకాలి మీద ఆధారపడి ఉంటుంది. మొదటివాడు బాగున్నన్నాళ్లు ఇతను బెంచీ మీదే. అతని బొటనవేలు వాచిన రోజున ఇతని ఫోను మోగుతుంది. వాచిన వేలు తన జట్టువాడిదే కానక్కర్లేదు, దేశానికి ఆ చివరనున్న జట్టుదైనా సరే.

మనవాళ్లకు ఇది కొత్తేమీ కాదు. విశాఖపట్నం కుర్రాడు కె.ఎస్. భరత్‌ను గుర్తు తెచ్చుకోండి. రిజర్వు కీపర్‌గా భారత టెస్టు జట్టు వెంట తిరిగాడు. 2021 నవంబరులో కాన్పూర్ టెస్టులో సాహాకు మెడ పట్టేస్తే గ్లవ్స్ తొడుక్కుని వచ్చాడు. సబ్‌స్టిట్యూట్‌గా దిగాడు కాబట్టి అది అరంగేట్రం కింద లెక్కకు రాలేదు. అసలు అరంగేట్రం 2023 ఫిబ్రవరిలో, నాగ్‌పూర్‌లో. అదీ రిషబ్ పంత్ కారు ప్రమాదంలో గాయపడి ఆటకు దూరమయ్యాక. క్రికెట్లో ఇలాంటి ఎదురుచూపు దేశానికి ఒకరిద్దరిది. అమెరికా బేస్‌బాల్‌లో 30 మేజర్ లీగ్ జట్లు, ఒక్కోదాని కింద నాలుగు స్థాయిల మైనర్ లీగ్ జట్లు, ప్రతి జట్టుకూ కనీసం ఇద్దరేసి క్యాచర్లు. అందుకే ఇక్కడ ఎదురుచూడటం కూడా ఒక ఉపాధి అయింది.

కీపర్‌తో పోలిక అక్కడితో ఆపేయాలి. కీపర్ బౌలర్ వేసింది పడతాడు. క్యాచర్ ఏం వేయాలో పిచ్చర్‌కు, అంటే బంతి వేసేవాడికి, చెబుతాడు. ఒక మ్యాచ్‌లో ఒక జట్టు పిచ్చర్లంతా కలిసి దాదాపు 150 బంతులు వేస్తారు. వేగంగానా, వంపు తిప్పా, లోపలికా, బయటికా, నేలకు కొట్టేలాగానా అన్నది ప్రతి బంతికీ ముందు క్యాచరే సూచించాలి. పిచ్చర్ తల అడ్డంగా ఊపితే ఇంకోటి చెప్పాలి. 2022 వరకు ఇదంతా వేళ్ల సైగలతోనే నడిచింది. రాత్రి మ్యాచ్‌లలో పిచ్చర్‌కు కనబడాలని గోళ్లకు తళతళలాడే రంగులో, స్టిక్కర్లో వేసుకునేవారు. ఇప్పుడు మోకాలి దగ్గరో మణికట్టుకో కట్టుకున్న బటన్ల పలక నొక్కితే పిచ్చర్ టోపీలో మాట వినిపిస్తుంది. సాధనం మారింది కానీ బాధ్యత మారలేదు. ఎదుటి జట్టు బ్యాటర్లలో ఎవరికి ఏ బంతి పడదో, తన పిచ్చర్లలో ఎవరికి ఈ సాయంత్రం ఏ బంతి పడటం లేదో, ఈ రెండు జాబితాలూ క్యాచర్ తలలో ఉండాలి.

రెండో క్యాచర్ పని చూడాలంటే ఇన్నింగ్స్‌కూ ఇన్నింగ్స్‌కూ మధ్య చూడండి. టీవీలో ప్రకటనలు వస్తాయి, మైదానంలో ఉన్నవాళ్లు తిండికి లేస్తారు. ఆ కాసేపట్లో, కిందటి ఇన్నింగ్స్ చివర బ్యాటింగ్‌లోనో బేస్ మీదో ఉండిపోయిన మొదటి క్యాచర్ కాళ్లకు ప్యాడ్లు కట్టుకుంటుంటాడు. అప్పుడు డగౌట్ నుంచి ఒక మనిషి మాస్కూ గ్లవ్వూ మాత్రమే వేసుకుని పరుగెత్తుకొస్తాడు. పిచ్చర్ వేసే సన్నాహక బంతులు పడతాడు, అసలువాడు రాగానే అతని వీపు తట్టి వెనక్కి పోతాడు. స్కోరు పుస్తకంలో దీనికి గడి లేదు. వారం రోజులు బ్యాట్ పట్టకపోయినా ఆ మనిషి ప్రతి మధ్యాహ్నం అందరికంటే ముందే మైదానంలో ఉంటాడు, పిచ్చర్ల సమావేశంలో కూర్చుంటాడు, కొత్తగా వచ్చిన కుర్రాడి బంతి ఎటు వంగుతుందో ఒంటితో నేర్చుకుంటాడు.

ఇక మీరడిగిన క్రాట్జ్. పెన్సిల్వేనియాలోని టెల్‌ఫర్డ్ అతని ఊరు. చదివింది వర్జీనియాలోని ఈస్టర్న్ మెన్నోనైట్ విశ్వవిద్యాలయంలో. అది ఎన్‌సీఏఏ (అమెరికా కళాశాలల క్రీడా సంఘం) మూడో డివిజన్, అంటే ఆటకు స్కాలర్‌షిప్పు ఇవ్వని చోటు. 2002 డ్రాఫ్ట్‌లో (జట్లు కొత్త ఆటగాళ్లను వంతులవారీగా ఎంచుకునే కార్యక్రమం) టొరంటో బ్లూ జేస్ అతన్ని 29వ రౌండులో తీసుకుంది. 2021 నుంచి డ్రాఫ్ట్‌ను 20 రౌండ్లకే కుదించారు. ఈనాటి లెక్కన అతని పేరు పిలిచేవాళ్లే ఉండరు. మీ అబ్బాయి విషయంలో ఇది గుర్తుంచుకోవాల్సిన తేడా.

ఎనిమిదేళ్లకు పైగా మైనర్ లీగుల్లోనే గడిచింది. మేజర్ లీగ్‌లో మొదటి మ్యాచ్ 2010 జులై 17న, పిట్స్‌బర్గ్ పైరేట్స్ తరఫున. అప్పటికి వయసు 30. ఆ వయసుకు చాలామంది ఆటగాళ్లు ఆట మానేసి వేరే పని వెతుక్కుంటారు. తర్వాత ఫిలడెల్ఫియా ఫిలీస్‌కు వెళ్లాడు. 2012 ఆగస్టులో అక్కడి ప్రధాన క్యాచర్ కార్లోస్ రూయిజ్‌కు అరికాలి నొప్పి వచ్చి కూర్చుంటే క్రాట్జ్‌కు వరుసగా మ్యాచ్‌లు దొరికాయి. మరుసటి సీజన్ మొదట్లో రూయిజ్‌పై 25 మ్యాచ్‌ల నిషేధం పడింది. మళ్లీ క్రాట్జే. 2013 మే 19న సిన్సినాటి రెడ్స్‌పై చివరిదైన తొమ్మిదో ఇన్నింగ్స్‌లో, అప్పట్లో ప్రపంచంలోనే అత్యంత వేగంగా బంతి వేసే అరోల్డిస్ చాప్‌మన్ బౌలింగ్‌లో హోమ్ రన్ (బంతిని మైదానం దాటించే దెబ్బ) కొట్టి స్కోరు సమం చేశాడు. ఆ వెంటనే ఫ్రెడ్డీ గాల్విస్ ఇంకొకటి కొట్టి మ్యాచ్ గెలిపించాడు. ఆ రోజు చూసినవాళ్లెవరూ .209 గురించి ఆలోచించి ఉండరు.

అక్కడి నుంచి ప్రయాణం జోరందుకుంది. 2014లో టొరంటో. ఆ జులైలోనే కాన్సస్ సిటీ రాయల్స్‌కు బదిలీ. ఆ ఏడాది రాయల్స్ వరల్డ్ సిరీస్ అనే తుది పోరు దాకా వెళ్లింది, కానీ అక్కడ సాల్వడోర్ పెరెజ్ ఉన్నాడు, అతను మోకాళ్లు విరిగినా గ్లవ్వు వదలని రకం. క్రాట్జ్‌కు పోస్ట్‌సీజన్‌లో (సీజన్ తర్వాతి నాకౌట్ పోటీల్లో) ఒక్క బంతీ పట్టే పని పడలేదు. తర్వాత మళ్లీ ఫిలీస్, హ్యూస్టన్, మళ్లీ పిట్స్‌బర్గ్, న్యూయార్క్ యాంకీస్. మధ్యలో బోస్టన్, సియాటిల్, శాన్ డియేగో లాంటి చోట్ల ఒప్పందాలు కుదిరాయి కానీ వాళ్ల మేజర్ లీగ్ చొక్కాతో మ్యాచ్ ఆడే యోగం పట్టలేదు. జట్టు చిత్తుగా ఓడిపోతున్న రాత్రుల్లో అసలు పిచ్చర్లను ఆదా చేయడానికి ఇతన్నే బంతి వేయమని పంపిన సందర్భాలూ ఉన్నాయి. వెళ్లి నకుల్‌బాల్ అనే నెమ్మది బంతి వేసి వచ్చేవాడు.

2018 మే నెలలో యాంకీస్ ట్రిపుల్-ఎ (మేజర్ లీగ్‌కు ఒక్క మెట్టు కింద) జట్టులో ఉండగా మిల్వాకీ బ్రూవర్స్ అతన్ని తీసుకుంది. ఎందుకంటే వాళ్ల క్యాచర్ స్టీఫెన్ వోట్ భుజానికి శస్త్రచికిత్స జరిగి ఆ సీజన్ మొత్తానికి దూరమయ్యాడు. చూశారా, మళ్లీ ఇంకొకరి దెబ్బే. ఆ అక్టోబరులో కొలరాడో రాకీస్‌తో సిరీస్‌లో 38 ఏళ్ల క్రాట్జ్ ఎనిమిది సార్లు బ్యాటింగ్‌కు దిగి ఐదు హిట్లు కొట్టాడు. పిచ్చర్లను పక్కనపెడితే, 1905లో లేవ్ క్రాస్ తర్వాత అంత వయసులో మొదటిసారి పోస్ట్‌సీజన్ మ్యాచ్‌కు తుది జట్టులో దిగిన ఆటగాడు ఇతనే. మరుసటి ఏడాది శాన్ ఫ్రాన్సిస్కో జెయింట్స్, టాంపా బే రేస్. 2020లో 40 ఏళ్ల వయసులో యాంకీస్ చొక్కాతో ముగింపు. 11 సీజన్లు, 332 మ్యాచ్‌లు, 31 హోమ్ రన్లు. 332 మ్యాచ్‌లను 11 సీజన్లతో భాగించి చూడండి: ఏడాదికి 30 మ్యాచ్‌లు. మేజర్ లీగ్ సీజన్లో 162 ఉంటాయి. మిగతావన్నీ బెంచీ, బుల్‌పెన్ (పిచ్చర్లు సన్నాహం చేసే చోటు), మైనర్ లీగ్.

అతన్ని జట్లు ఎందుకు వదిలేశాయన్నది మీ ప్రశ్న. నన్నడిగితే, అన్ని జట్లు ఎందుకు పిలిచాయన్నది చూడాలి. 2020లో యాంకీస్‌లో ఉన్న కుర్ర లాటిన్ అమెరికా పిచ్చర్లు, డేవీ గార్సియా లాంటివాళ్లు, మైనర్ లీగులో ఇతని దగ్గర బంతులు వేసి పైకి వచ్చినవాళ్లే. ఇరవై ఏళ్లకే భాష రాని దేశానికి వచ్చి ఆడుతున్న ఆ పిల్లల గురించి విలేకరులతో మాట్లాడుతూ క్రాట్జ్ కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. వాళ్లతో స్పానిష్‌లో మాట్లాడేవాడు. కోట్ల డాలర్లు పెట్టి పెంచుకుంటున్న పిచ్చర్‌ను ఎవరి చేతిలో పెట్టాలన్నది జట్టు యాజమాన్యానికి చిన్న విషయం కాదు. ఆ నమ్మకానికి ఇచ్చే జీతం బ్యాటింగ్ సగటులో కనబడదు.

ఇప్పుడు కాగితాల సంగతి. ఈ జీవితమంతా నడిచేది దీని మీదే కాబట్టి కాస్త ఓపిక పట్టండి. మేజర్ లీగ్ జట్టుకు 40 మంది జాబితా ఒకటి ఉంటుంది, అందులో రోజువారీ ఆడేది 26 మంది. 40లో ఉన్న ఆటగాడిని జట్టు తన హక్కు పోకుండా కింది లీగుకు పంపుకోవడాన్ని ఆప్షన్ అంటారు. ఒక్కో ఆటగాడి విషయంలో అలా మామూలుగా మూడు సీజన్లు వాడుకోవచ్చు. 2022 నుంచి ఒక సీజన్లో ఐదుసార్లకు మించి పంపకూడదని నియమం వచ్చింది. అంతకుముందు కొందరు కుర్రాళ్లు వారానికోసారి సూట్‌కేసు సర్దుకునేవాళ్లు. ఆప్షన్లు అయిపోయాక దించాలంటే డీఎఫ్‌ఏ చేయాలి, అంటే ముందు 40 మంది జాబితాలోంచి పేరు తీసేయాలి. ఆ తర్వాత ఏడు రోజుల్లో అతన్ని ఎవరికైనా బదిలీ చేయాలి, లేదా వేవర్స్ మీద పెట్టాలి, లేదా విడుదల చేయాలి. వేవర్స్‌లో ఏ జట్టయినా చేయి ఎత్తి తీసుకోవచ్చు. ఎవరూ ఎత్తకపోతే కింది లీగుకు పంపుతారు. ఇంతకుముందు ఒకసారి అలా కిందికి వెళ్లినవాడైతే రెండోసారి ఒప్పుకోకుండా స్వేచ్ఛగా బయటికి నడవవచ్చు.

వార్తల్లో డీఎఫ్‌ఏ అన్న మూడక్షరాలు చూసి మనవాళ్లు ఉద్యోగం ఊడినట్టే అనుకుంటారు. తిరిగే క్యాచర్‌కు అది బస్టాండు. ఆ ఏడు రోజుల్లో ఏదో ఒక జట్టులో ఎవరికో చేయి బెణుకుతుంది.

క్యాచర్ అవసరం ఎంత అత్యవసరంగా పడుతుందో చెప్పడానికి డగ్ మిరబెల్లి కథ చాలు. బోస్టన్ రెడ్ సాక్స్‌లో టిమ్ వేక్‌ఫీల్డ్ అనే పిచ్చర్ ఉండేవాడు, అతను వేసేది నకుల్‌బాల్. తిరగకుండా తేలుతూ వచ్చి ఎటు పడుతుందో వేసినవాడికీ తెలియని బంతి అది. దాన్ని పట్టడానికి మిరబెల్లి ఉండేవాడు. 2005 సీజన్ ముగిశాక అతన్ని శాన్ డియేగోకు ఇచ్చేశారు. 2006 ఏప్రిల్ నెలంతా కొత్త క్యాచర్ జాష్ బార్డ్ తంటాలు పడ్డాడు, పదిసార్లు బంతి చేజార్చుకున్నాడు. మే 1న యాంకీస్‌తో మ్యాచ్. ఆ రోజే మిరబెల్లిని బదిలీలో వెనక్కి తెచ్చుకుని, విమానంలో రప్పించి, విమానాశ్రయం నుంచి ఫెన్‌వే పార్కుకు పోలీసు ఎస్కార్టుతో పరుగులు పెట్టించారు. అతను కారు వెనక సీట్లోనే బట్టలు మార్చుకుని, ఆట మొదలవడానికి కొద్ది నిమిషాల ముందు మైదానంలో అడుగుపెట్టాడు. బ్యాటింగ్ కోసం ఏ జట్టూ పోలీసు కారు పంపదు.

డబ్బు లెక్క కూడా అడిగారు. 2023లో మైనర్ లీగ్ ఆటగాళ్లకు మొదటిసారి సంఘం ద్వారా ఒప్పందం కుదిరింది. దాని ప్రకారం ఆ ఏడాది ట్రిపుల్-ఎ కనీస జీతం ఏడాదికి 35,800 డాలర్లు, డబుల్-ఎలో 30,250. అంతకుముందు ట్రిపుల్-ఎలో ఇది 17,500 మాత్రమే. అదే 2023లో మేజర్ లీగ్ కనీస జీతం 7,20,000 డాలర్లు, దాన్ని రోజుల లెక్కన ఇస్తారు. అంటే మేజర్ లీగ్‌లో పది రోజులు కూర్చున్నా ట్రిపుల్-ఎలో ఏడాదంతా ఆడినదానికంటే ఎక్కువ. ఆ పది రోజుల్లో ఒక్క బంతీ పట్టనక్కర్లేదు, అయినా లెక్కే. అనుభవజ్ఞులైన క్యాచర్లు ట్రిపుల్-ఎలో కూడా కనీసానికి మించి బేరమాడుకుంటారనుకోండి. మేజర్ లీగ్ జాబితాలో ఒక్క రోజు ఉంటే ఆరోగ్య బీమా అర్హత వస్తుంది, 43 రోజులుంటే పింఛను అర్హత మొదలవుతుంది. అందుకే 41వ రోజున కిందికి దించిన ఆటగాడి ముఖం గురించి బేస్‌బాల్ మనుషులు అంత బాధగా మాట్లాడతారు.

శరీరం దగ్గరికి వద్దాం, తల్లిదండ్రులు ఇది దాటవేయకూడదు. అందరూ మోకాళ్ల గురించి భయపడతారు. నేను తల గురించి భయపడతాను. బ్యాటుకు తగిలీ తగలనట్టు తగిలి దిశ మారిన బంతి నేరుగా మాస్కు మీద పడుతుంది. మైక్ మాథెనీ ఆట ముగిసింది అలాంటి దెబ్బల వల్లే. డేవిడ్ రాస్ 2013లో రెండుసార్లు కన్‌కషన్‌తో (తలకు దెబ్బ తగిలి మెదడు అదరడం) నెలల తరబడి దూరమయ్యాడు. అతను తిరిగొచ్చి 2016 వరల్డ్ సిరీస్ ఏడో మ్యాచ్‌లో, 39 ఏళ్ల వయసులో, తన చివరి ఆటలో చికాగో కబ్స్‌కు హోమ్ రన్ కొట్టాడు. అందరూ ఆ హోమ్ రన్‌నే చెప్పుకుంటారు. మీ అబ్బాయి మాస్కుకు గట్టి దెబ్బ తగిలితే, వాడు బాగానే ఉన్నానన్నా సరే, ఆ రోజు ఆట ఆపించండి. కోచ్ మొహం చిట్లిస్తే చిట్లించనివ్వండి. గ్లవ్వు లేని చేతిని గ్లవ్వు పక్కన కాకుండా వీపు వెనకో మడమ వెనకో దాచుకోవడం కూడా ఇప్పుడే అలవాటు చేయాలి.

ఆట అయ్యాక ఏమిటి? ఇక్కడ క్యాచర్లకు ఉన్నంత దారి ఇంకెవరికీ లేదు. బ్రూస్ బోచీ తొమ్మిది సీజన్లు ఎక్కువగా రెండో క్యాచర్‌గానే గడిపి, మేనేజర్‌గా నాలుగు వరల్డ్ సిరీస్‌లు గెలిచాడు. పైన చెప్పిన భుజం దెబ్బల స్టీఫెన్ వోట్ ఇప్పుడు క్లీవ్‌లాండ్ మేనేజర్, 2024లోనూ 2025లోనూ అమెరికన్ లీగ్ ఉత్తమ మేనేజర్. బాబ్ యూకర్ అని ఒకాయన ఆరు సీజన్లు ఆడి సరిగ్గా .200 సగటు సంపాదించాడు. ఆ సగటు మీద తనే జోకులు వేసుకుంటూ మిల్వాకీ రేడియోలో అర్ధశతాబ్దానికి పైగా వ్యాఖ్యానం చెప్పాడు.

ఒక హెచ్చరిక. అంపైర్ కంటికి స్ట్రైక్‌లా (స్ట్రైక్ జోన్ అనే హద్దులోంచి వచ్చిన బంతిలా) కనిపించేలా బంతిని పట్టే నేర్పును ఫ్రేమింగ్ అంటారు. హోసే మొలీనా లాంటివాళ్లు బ్యాటింగ్ లేకపోయినా 39 ఏళ్ల దాకా ఆడారంటే చాలావరకు దాని చలవే. 2026 నుంచి మేజర్ లీగ్‌లో అంపైర్ నిర్ణయాన్ని యంత్రంతో సవాలు చేసే పద్ధతి వచ్చింది. జట్టుకు మ్యాచ్‌కు రెండు సవాళ్లు, సవాలు తప్పని తేలితేనే ఒకటి పోతుంది. అడిగే హక్కు బ్యాటర్‌కు, పిచ్చర్‌కు, క్యాచర్‌కు మాత్రమే. ఫ్రేమింగ్ విలువ కొంత తగ్గుతుంది, స్ట్రైక్ జోన్ అంచు కచ్చితంగా తెలిసిన క్యాచర్ విలువ పెరుగుతుంది. మీ అబ్బాయిని బంతి లాగి చూపించే మాయలకంటే అది తెలుసుకోవడంలో పెట్టమనండి.

చివరగా మీరు అసలు అడగదలచుకున్నది స్కాలర్‌షిప్పు గురించేనని నా అనుమానం. మొదటి డివిజన్ కళాశాలల్లో కూడా చాలాకాలం బేస్‌బాల్ జట్టు మొత్తానికి 11.7 స్కాలర్‌షిప్పులే ఉండేవి, వాటినే ముక్కలుగా పంచేవారు. 2025 నుంచి కొత్త ఒప్పందంలో చేరిన కళాశాలల్లో ఆ పరిమితి పోయి, జట్టుకు 34 మంది అన్న లెక్క వచ్చింది. డబ్బు ఎంత పెట్టాలన్నది కళాశాల ఇష్టం. కాబట్టి పూర్తి ఫీజు ఆట మీద వస్తుందని బడ్జెట్ వేసుకోకండి. మార్కులు నిలబెట్టుకునే చదువు చదవనివ్వండి, క్యాచర్‌గా ఆడనివ్వండి. వచ్చే ఏడాది భాష ఎంచుకునేటప్పుడు మాత్రం స్పానిష్ తీసుకోమనండి. వాడు ఏ స్థాయి దాకా వెళ్లినా, అక్కడి పిచ్చర్లలో చాలామంది డొమినికన్ రిపబ్లిక్ నుంచో వెనిజులా నుంచో వచ్చినవాళ్లే ఉంటారు.